పిలుపులమ్మ పిలిచే పేరు

వెలిగొండల పడమటి వాలులో బస్సు దిగి, మేకలేటి వాగు దాటి, ఎర్రమట్టి బాట పట్టి ఎక్కితే పిలుపులమ్మ గుట్ట వస్తుంది. గోపురం కోసం తలెత్తి వెతికేవారికి ముందే చెప్పడం మంచిది, ఇక్కడ గోపురం లేదు. నాలుగు రాతి స్తంభాలు, వాటి మీద ఒక కప్పు, ఆ కప్పు కింద అమ్మవారు, అంతే. ఏడాదికోసారి జరిగే తిరునాళ్లు తప్పిస్తే జనం పలచగానే ఉంటారు. వచ్చేవారిలో ఒంటరిగా వచ్చేవారే ఎక్కువ. పైన గాలి ఎప్పుడూ వీస్తూనే ఉంటుంది కనుక దీపానికి రాతి గూడు కట్టారు.

మొదటిసారి వచ్చినవారు అమ్మవారిని చూసి జంకుతారు. ఆమె నోరు తెరుచుకుని ఉంటుంది. ఉగ్రరూపమనుకుని పిల్లల కళ్లు మూసే తల్లులు కూడా ఉన్నారు. ఒకప్పుడు దూరపు ఊరి శిల్పి ఒకడు అడగకుండానే ఉలి పట్టుకుని, అమ్మవారికి కోరలు చెక్కుతానని బయలుదేరితే, ఊరి పెద్దలు అతనికి కడుపునిండా భోజనం పెట్టి, దండం పెట్టి సాగనంపారు. అమ్మది కోపం కాదు. ఆ నోరు ఎందుకు తెరుచుకుందో తెలియాలంటే గుట్ట మీద గుడి లేని రోజులకు పోవాలి.

పూర్వం ఇక్కడ తెరువరుల మఠం ఉండేది. తెరువు అంటే బాట, తెరువరి అంటే బాటసారి. అయితే ఈ తెరువరులు గుట్ట దిగి ఎక్కడికీ పోయేవారు కారు. ఆలోచనే ప్రయాణమని వారి మతం. మనిషి కూర్చున్న చోటనే కూర్చుని ఉంటాడు, అతని ఆలోచన మాత్రం మూట కట్టుకుని బయలుదేరుతుంది. పెద్దలు చెప్పగా విన్నదంతా గుమ్మం. ఒకరు చెప్పిన మాటలు ఎక్కడ అయిపోతాయో అది పొలిమేర. అక్కడి నుంచి అడవి. అడవిలో ఎవరి మాటా తోడు రాదు, కాలు పెట్టిన చోటే తోవ అవుతుంది. అడవి దాటితే రేవు. రేవు చేరినవాడికి తన ప్రశ్నకు జవాబు ఎదురుగా నిలబడి కనిపిస్తుందని వారి నమ్మకం. తెరువులో చేరేవారు ఒకే ఒక్క ప్రశ్న తెచ్చుకోవాలి. రెండు ప్రశ్నలు మోసేవాడు పొలిమేర కూడా చేరలేడని మఠాధిపతి తెరువయ్య నవ్వుతూ చెప్పేవాడు.

మఠంలో ప్రతివారికీ ఒక బండ ఉండేది. ఒకేసారి చేరిన ఇద్దరికి ఎదురెదురు బండలు ఇచ్చేవారు. పొద్దు గూకే వేళకు ఎదురుబండ మీదివారు, "యాడుండావు?" అని అడగాలి. అడిగించుకున్నవారు ఆనాటికి తమ ఆలోచన ఎంతదూరం వచ్చిందో చెప్పాలి. చెప్పాక ఇద్దరూ లేచి సంగటి తినేవారు. అయితే ఈ అడగడమంతా పొలిమేర వరకే. అడవిలో అడుగుపెట్టినవారిని ఎట్టి పరిస్థితిలోనూ పిలవకూడదని తెరువయ్య కట్టడి చేశాడు.

దానికి కారణం ఉంది. తెరువయ్య ఇంటి అరుగు మీద కూర్చుని ఆలోచించే రోజుల్లో ఒకసారి అడవి దాటి రేవు అంచు దాకా పోయాడట. నీళ్ల చప్పుడు వినిపిస్తోందట. సరిగ్గా అప్పుడే ఇల్లాలు లోపలి నుంచి, "సంగటి ఆరిపోతా ఉంది, లెయ్" అని కేకేసింది. కళ్లు తెరిచాడు, తోవ పోయింది. ఆ తరువాత ఎన్నిసార్లు బయలుదేరినా ఆ చోటు దొరకలేదు. వేడి సంగటి పెట్టాలనుకున్న ఆ మహాతల్లి చేసిన నేరం ఇంతే. ఆయన మాత్రం ఆమె మీద అలిగి ఇల్లు వదిలి గుట్ట ఎక్కి మఠం పెట్టాడు. శిష్యులు ఈ కథను చేతులు జోడించుకుని వినేవారు.

ఈ మఠానికి కొమ్మసాని వచ్చింది. ఆమెది గానుగ ఆడించే ఇల్లు. పెళ్లై భర్త పోయాక పుట్టింటికి చేరి, తల్లి ఎర్రమ్మను చూసుకుంటూ ఉండేది. వయసు మీద పడ్డాక ఎర్రమ్మకు మతిమరుపు పట్టుకుంది. మొదట గిన్నెలు ఎక్కడ పెట్టిందో మరిచేది, తరువాత ఎద్దు పేరు మరిచింది, చివరికి కన్నకూతుర్ని మరిచింది. కొమ్మసాని అన్నం కలిపి నోటికి అందిస్తుంటే, "ఎవురమ్మా నువ్వు? యా ఊరు మీది?" అని మర్యాదగా అడిగేది.

"నేనే అమ్మా, కొమ్మిని" అని కూతురు చెప్పేది.

"నాకూ కొమ్మి అని ఒక కూతురుందమ్మా" అనేది ఎర్రమ్మ. "పొద్దున పోయింది, పొద్దు గూకినా రాలా. నీకేమన్నా కనపడిందా?"

ఆ మాట వినగానే కొమ్మసాని, తల్లి చేతులు తన ముఖానికి తాకించుకునేది, చిన్నప్పుడు పడి గడ్డం మీద చేసుకున్న గాటు చూపించేది, నేనే, నేనే అని చెవిలో ఇల్లు కట్టుకుని పోరేది. ఎర్రమ్మ ఆ గాటు తడిమి, పాపం ఎట్లా తగిలిందమ్మా అని జాలిపడేది. చివరికి ఒక చలికాలం ఉదయం, కూతురి ఒడిలో తల పెట్టుకుని, ఇంకా రాని కూతురి కోసం గుమ్మం వైపు చూస్తూ కన్నుమూసింది.

తల్లి పోయిన దుఃఖం అందరికీ ఉండేదే. కొమ్మసానికి మాత్రం ఆ దుఃఖంలో మరో దుఃఖం మిగిలింది. అమ్మ ఎదురుచూసిన ఆ కొమ్మి ఎక్కడుంది? అమ్మ ముద్దు చేసిన, అమ్మ తల దువ్విన ఆ పిల్ల అమ్మ మనసులోంచి జారి ఎక్కడికి పోయింది? ఇరుగుపొరుగును అడిగితే పిచ్చిదానిలా చూశారు. గానుగను పెదనాన్న కొడుకులకు అప్పజెప్పి, ఆ ఒక్క ప్రశ్న మూట కట్టుకుని ఆమె గుట్ట ఎక్కింది. తెరువయ్య ఆ ప్రశ్నను రెండోసారి చెప్పించుకుని విన్నాడు. తరువాత బండ చూపించాడు.

ఆ రోజే దోనయ కూడా చేరాడు. ఉప్పు మోసే ఎద్దులను తోలే వంశంలో పుట్టినవాడు, నా అన్నవాళ్లు ఎవరూ మిగలనివాడు. అతను తెచ్చిన ప్రశ్న విని మఠమంతా గుట్టు చప్పుడు కాకుండా నవ్వుకుంది. నెమరు వేసేటప్పుడు ఎద్దు దేన్ని గురించి ఆలోచిస్తుందో తెలుసుకోవాలని అతని కోరిక. తెరువయ్యకు కూడా నవ్వు వచ్చింది, అయినా ప్రశ్న ప్రశ్నే కదా అని కొమ్మసానికి ఎదురుబండ ఇచ్చాడు.

కొమ్మసానికి అతను తమ్ముడయ్యాడు. పొద్దు గూకగానే, "యాడుండావక్కా?" అని అడిగేవాడు. ఆమె ఆ రోజు ఆలోచన ఎక్కడెక్కడ తిరిగిందో చెబుతుంటే నోరు తెరుచుకుని వినేవాడు. తన వంతు వస్తే, "నేనా? పొలిమేర కాడే అక్కా. రాయి మీద కూచోనుండా. ఎద్దు ఇంకా నెమరేస్తానే ఉండాది" అనేవాడు. ప్రతిరోజూ అదే జవాబు. అతనికి పొలిమేర దాటాలన్న తొందర లేదు. అసలు అతను ఆ గుట్ట మీదికి వచ్చింది ప్రశ్న కోసం కాదని, సాయంత్రం పూట ఒకరు తనను అడుగుతారని వచ్చాడని కొమ్మసానికి త్వరలోనే అర్థమైంది. అడిగే మనిషి ఉండటం ఎంత సుఖమో ఆమెకూ తెలుసు. తల్లి పోయాక ఆమెను ఎక్కడున్నావని అడిగినవాడు దోనయ ఒక్కడే.

కానీ ఆమె ఆలోచన ఆగేది కాదు. ఒక సాయంత్రం దోనయ అడిగినప్పుడు ఆమె, "పొలిమేర అయిపోయింది దోనయా. ముందర అడివి కనపడతా ఉంది" అని చెప్పింది. అతని ముఖం వాడిపోయింది.

"అయితే రేపట్నుంచి అడగను గదా?"

"అడగకూడదంట."

"సరేలే అక్కా. మంచిగా పో" అన్నాడు.

మరునాడు కొమ్మసాని అడవిలో అడుగుపెట్టింది. అది ఎలాంటిదో ఆమె తరువాత గొడ్లు కాసేవాళ్లకు చెప్పినదే మనకు ఇప్పుడు తెలిసినది. అక్కడ పక్షి అరవదు. ఇదివరకు వచ్చినవారు సగంలో వదిలేసి పోయిన ఆలోచనలు దారికి అటూ ఇటూ కప్పులేని గోడలై నిలబడి ఉంటాయి. లోపలికి తొంగి చూస్తే ఎవరూ ఉండరు. నడిచిన కొద్దీ వెనక తోవ పూడుకుపోతుంది. అయినా ఆమె భయపడలేదు. తల్లి రేవు దగ్గర ఉంటుందని, చిన్ననాటి కొమ్మిని చెయ్యి పట్టుకుని నిలబడి ఉంటుందని ఆమెకు గట్టి నమ్మకం. అందుకే నడిచింది. కడకు నీళ్ల చప్పుడు వినిపించింది. పరుగు పెట్టింది.

రేవులో ఎవరూ లేరు. ఏరు ఉంది, అవతలి గట్టు కనబడటం లేదు, పడవ లేదు. ఇసుక మీద చిన్నపిల్ల పాదం గుర్తు కోసం ఆమె పిచ్చిగా వెతికింది. అమ్మా అని కేకేసింది. ఆ కేక పోయిన దారినే పోయింది. అప్పుడు కొమ్మసాని ఇసుకలో కూలబడి, తాను ఇంత దూరం ఎవరూ లేని చోటికి వచ్చానని తెలుసుకుంది.

ఇక్కడే తెరువరులకు మాత్రమే సాధ్యమైన పొరపాటు జరిగింది. బండ మీద కొమ్మసాని కదలకుండా ఉండటం చూసి తెరువయ్య వచ్చాడు, ఆమె ముఖాన్ని పరీక్షగా చూశాడు. "రేవు చేరింది" అన్నాడు. ఆ మాట మఠంలో అంతకుముందు ఎవరి గురించీ అనలేదు. అందరి ఒళ్లూ పులకరించింది. గన్నేరు దండలు తెచ్చి ఆమె మెడలో వేశారు, కర్పూరం వెలిగించారు, సాష్టాంగపడ్డారు. ఆమెకు ఆ సందడంతా వినిపిస్తూనే ఉంది. దూరపు ఊళ్లో జరిగే తిరునాళ్ల చప్పుడులా చెవిన పడుతోంది. ఆ క్షణంలో ఆమె కళ్లు తెరవగలిగి ఉండేది. కానీ కళ్లు తెరిచి ఏమని చెప్పాలి? మీరు దండం పెడుతున్న మనిషి తప్పిపోయిందని చెప్పాలా? సిగ్గు అడ్డొచ్చింది. జనం పోయాక లేద్దామనుకుంది. జనం పోలేదు. వారు పోయేసరికి, ఏ వైపు నుంచి వచ్చిందో ఆమెకు గుర్తు లేదు.

ఊళ్ల నుంచి మనుషులు రావడం మొదలుపెట్టారు. బిడ్డలు కావాలని, వానలు కురవాలని, తగువు గెలవాలని ఆమె పాదాల దగ్గర చెప్పుకున్నారు. వాళ్ల కష్టాలన్నీ ఆమె వింది. నువ్వెట్లా ఉన్నావని మాత్రం ఒక్కరు అడగలేదు. దేవత అయిన మనిషిని అలా అడగాలని ఎవరికి తోస్తుంది? ఆమె ఇసుకలో కూర్చుని, ఎవరైనా అడిగితే బాగుండునని ఎదురుచూసింది. ఎదురుచూసి ఎదురుచూసి, ఇక ఎవరూ అడగరని తెలిశాక ఏడవడం కూడా మానేసింది.

ఇవతల దోనయ పరిస్థితి అంతకన్నా మెరుగ్గా ఏమీ లేదు. ఎదురుబండ మీద కూర్చుని ఎండిన దండలు తీసి కొత్తవి వేయడం అతని పని. అతణ్ని అడిగేవారు లేరు, అతను అడగడానికి వీల్లేదు. కొన్నాళ్లు గుట్ట కింద మేసే ఎద్దుల దగ్గరకు పోయి వాటిని అడిగి చూశాడు. అవి నెమరు వేస్తూ ఊరుకున్నాయి. చివరికి ఒక సాయంత్రం, అందరూ సంగటికి లేచి పోయాక, అతనికి దుఃఖం ఆగలేదు. కట్టడి తప్పు అని తెలిసి కాదు, ఆమెను కాపాడాలనీ కాదు. నిజం చెప్పాలంటే తన ఒంటరితనం భరించలేకే అడిగాడు.

"అక్కా, యాడుండావు?"

రేవులో కొమ్మసాని తల ఎత్తింది. ఎండిపోయిన పెదవులు కదిలాయి.

"రేవు కాడ" అంది.

దోనయ ఉలిక్కిపడ్డాడు. "ఎవురుండారక్కా ఆడ?"

"ఎవురూ లేరు దోనయా. ఈడ ఎవురూ లేరు."

అతను బావురుమన్నాడు. ముక్కు తుడుచుకుని, "అట్లయితే ఆడేం పని? వచ్చెయ్" అన్నాడు.

"తోవ తెలీదు."

"నేను అడగతా ఉంటా. నువ్వు చెప్పుకుంటా రా. చెప్పక్కా, నీ ముందర ఏముంది?"

ఏముందో చెప్పాలంటే చూడాలి. చాలా కాలం తరువాత ఆమె చుట్టూ చూసింది. ఒక గోడ ఉందని చెప్పింది. గోడకు ఏ పక్క నీడ పడిందని అతను అడిగాడు. చెప్పింది. నీడ వైపు కాకుండా రెండో వైపు నడవమన్నాడు. అలా అతను అడుగుతుంటే, ఆమె చెబుతుంటే, చెప్పిన చోటల్లా కాలికింద తోవ తేలింది. ఆమె మాట మరీ సన్నగా ఉండటంతో దోనయ సరిగా వినడం కోసం కళ్లు మూసుకున్నాడు. ఆమె చెబుతున్న గోడలు అతనికీ కనిపించసాగాయి. ఒకరి ఆలోచనను అంత శ్రద్ధగా వినడమంటే ఆ దారిన నడవడమేనని తెరువయ్య ఎప్పుడూ చెప్పలేదు. బహుశా ఆయనకూ తెలియదు.

అడవి నడుమ, ఒక మలుపులో, కొమ్మసానికి దోనయ ఎదురుపడ్డాడు. పైగుడ్డ తలకు చుట్టుకుని, నోరంతా తెరిచి నవ్వుతున్నాడు.

"అక్కా! పొలిమేర దాటినా చూడు!"

ఆమెకు నవ్వూ ఏడుపూ ఒక్కసారే వచ్చాయి. అతని చెయ్యి పట్టుకోబోతే, "నువ్వు ముందు నడు. నేను నీ యనకాలే వస్తుండా" అన్నాడు.

ఆమె నడిచింది. పొలిమేర రాయి కనబడింది. కట్టెల పొగ వాసన తగిలింది. మనుషులున్న చోటి వాసన. ఆ ఆనందంలో ఆమె కాళ్లు ఆగలేదు. గుమ్మంలో అడుగుపెట్టి కళ్లు తెరిచింది. గన్నేరు పూలు ఒళ్లో రాలి ఉన్నాయి. ఆకాశం ఎర్రగా ఉంది. "వచ్చేసినాం దోనయా" అంది.

దోనయ ఎదురుబండ మీద కళ్లు మూసుకుని ఉన్నాడు. పెదవుల మీద నవ్వు అలాగే ఉంది. భుజం పట్టి కుదిపింది. పేరు పెట్టి పిలిచింది. యాడుండావు నాయనా అని అడిగింది. జవాబు లేదు. ఎప్పుడూ పొలిమేర దాటనివాడికి అడవి ఏం తెలుసు? తోవ మీద ఆమె ఒక్కసారైనా వెనక్కి తిరిగి చూడలేదు. వస్తున్నావా అని ఒక్క మాట అడగలేదు. పిలిచేవారు లేకపోతే ఎలా ఉంటుందో లోకంలో అందరికన్నా బాగా తెలిసిన మనిషి, వెనక వస్తున్నవాణ్ని పిలవడం మరిచిపోయింది. ఆ సంగతి తెలిసిన క్షణాన కొమ్మసాని పెట్టిన కేకకు మఠమంతా పరుగెత్తుకొచ్చింది.

తెరువయ్య దోనయను చూశాడు. "ఇతనూ చేరాడు. దండలు తెండి" అన్నాడు.

"తేవద్దండి" అంది కొమ్మసాని. తన మెడలోని దండలు తెంచి పారేసింది. "అయ్యా, నేను పోయి చూసినా. రేవు కాడ ఎవురూ లేరు."

"పిలిస్తే తోవ పోతుంది తల్లీ."

"పిలవకుంటే మనిషే పోతాడయ్యా. ఆ పొద్దు మిమ్మల్ని మీ ఇంట్లో అమ్మ సంగటికి పిలవకుండా ఉంటే మీరు ఈ పొద్దుకీ ఆ ఇసకలోనే కూచోని ఉందురు."

శిష్యులు మండిపడ్డారు. తెరువయ్య మాత్రం వారిని వారించాడు. తెల్లవారాక ఆయన దోనయ ముందు కూర్చుని, తాను పెట్టిన కట్టడిని తానే తప్పి, "నాయనా దోనయా, యాడుండావు?" అని అడిగాడు. జవాబు రాలేదు. ఆయన లేచి, కర్ర పట్టుకుని, గుట్ట దిగి తన ఊరికి పోయాడు. వాకిట్లో నిలబడి ఇల్లాలిని జీవితంలో మొదటిసారి పేరు పెట్టి పిలిచాడని చెబుతారు. ఆమె పోయి అప్పటికి చాలా ఏళ్లైంది. గురువు తిరిగి రాకపోవడంతో శిష్యులు ఒక్కొక్కరే దిగిపోయారు, మఠం పాడుబడింది.

కొమ్మసాని దిగలేదు. గొడ్లు కాసేవాళ్లు పెట్టింది తిని, ప్రతి సాయంత్రం దోనయను పిలిచింది. ఒక వానాకాలం పెద్ద ముసురు పట్టి, కొండ కనిపించకుండా పోయింది. ముసురు విడిచాక చూస్తే ఎదురుబండ మీద దోనయ లేడు. ఏ జంతువో ఎత్తుకుపోయిందని కొందరన్నారు, రేవులోని ఏరు దాటాడని కొందరన్నారు. కొమ్మసాని రెండూ నమ్మలేదు. "తిరగతా ఉంటాడు. వానికి తోవ తెలీదు" అని, ఖాళీ బండకేసి మళ్లీ పిలిచింది.

ఆ పిలుపు పొగమంచులో తోవ తప్పినవారికి ఆనవాలయింది. తప్పిపోయిన గొడ్లు ఆ గొంతు విని మళ్లుకునేవి. ఊళ్లవాళ్లు ఆమెను పిలుపులమ్మ అన్నారు. వచ్చినవారందరినీ ఆమె ఆపి, ఎక్కడున్నావని అడిగేది, చెప్పేదాకా వినేది. అత్తింట నోరెత్తలేని కోడళ్లు, యుద్ధం నుంచి వచ్చి నిద్రపట్టనివారు ఆమె ముందు కూర్చుని తమ అడవులన్నీ చెప్పుకుని తేలికపడి పోయేవారు. ఆమెను అడిగినవారు మాత్రం ఎవరూ లేరు. అడిగే ఒక్కడి కోసమే ఆమె పిలుస్తోంది.

ఒక సాయంత్రం అలా పిలుస్తూ పిలుస్తూ ఆమె చటుక్కున ఆగిపోయిందట. తల్లి గుర్తొచ్చింది. నేనే కొమ్మిని, నేనే కొమ్మిని అని తల్లికి ఎన్నివేల సార్లు చెప్పిందో. అమ్మా, నువ్వు యాడుండావు అని ఒక్కసారి కూడా అడగలేదు. అడిగి ఉంటే ఎర్రమ్మ చెప్పేదేమో. ఏ సందులో, ఏ పొద్దులో, ఎంత చిన్న కొమ్మి కోసం ఎదురుచూస్తోందో చెప్పేది. ఆ చోటికి తాను పోయి, తల్లి పక్కన కూర్చుని ఉండేది. ఇద్దరూ కలిసి ఎదురుచూసి ఉండేవారు. తెరువయ్య మతంలో చేరి, అడవి దాటి రేవు దాకా పోయినా దొరకని జవాబు ఇంతేనని కొమ్మసాని ఆ రోజు గుండెలు బాదుకుని ఏడ్చింది. మరునాడు యథాప్రకారం దోనయను పిలిచింది.

ఆమె పిలుస్తూనే వృద్ధురాలైంది. ఒకనాటి ఉదయం గొడ్లకాపరులు వచ్చి చూస్తే, ఖాళీ బండకు ఎదురుగా, నోరు తెరిచి, శిలగా ఉంది. ఇప్పుడు మనం పూజిస్తున్న మూర్తి అదే. కప్పు వేసినవారు ఫలానా అని తెలియదు. మూర్తికి ఎదురుగా ఉన్న బండ మీద ఎవరూ కూర్చోరు, ఎవరూ పువ్వు పెట్టరు. రోజూ నీళ్లతో కడిగి ఉంచుతారు.

మతిమరుపు వచ్చిన పెద్దలను ఈ గుట్టకు తీసుకురావడం చుట్టుపక్కల ఊళ్లలో నేటికీ ఉంది. వారిని అమ్మ ముందు కూర్చోబెట్టి, నేనెవరో గుర్తుపట్టావా అని ఎవరూ అడగరు. యాడుండావమ్మా అని అడుగుతారు. వారు కలుపు మడిలో ఉన్నామనవచ్చు, పెళ్లిపీటల మీద ఉన్నామనవచ్చు, ఎప్పుడో పోయిన అన్నదమ్ములతో ఆడుకుంటున్నామనవచ్చు. సరిదిద్దకుండా వినాలి. ఇంటికి పోయాక కూడా అలాగే వినాలి. అమ్మ దయతో పోయిన జ్ఞాపకం తిరిగి వస్తుందని ఈ క్షేత్రంలో ఎవరూ వాగ్దానం చేయరు. పెద్దల ముఖంలో బెదురు తగ్గుతుందని మాత్రం వచ్చిపోయినవారు చెబుతారు.

గుట్ట దిగే బాటలో మలుపులు ఎక్కువ. ముందు పోయేవారు వెనకవారికి కనబడరు. అందుచేత ముందు నడిచేవారు ప్రతి మలుపులోనూ ఆగి, వెనక వచ్చేవారిని పేరు పెట్టి పిలవాలి, జవాబు విన్నాకే అడుగు వేయాలి. భార్యాభర్తలైనా, అత్తాకోడళ్లైనా, ఇక్కడ పేరు పెట్టి పిలవడానికి మొహమాటం లేదు. ఒంటరిగా వచ్చినవారి పేరు పూజారి అడిగి తెలుసుకుని, వారు వాగు చేరేదాకా పైనుంచి పిలుస్తూ ఉంటారు. వస్తున్నా అని గట్టిగా పలకాలి. చాలా కాలంగా తమను ఎవరూ పేరు పెట్టి పిలవలేదని, ఆ మలుపుల్లో నిలబడి కళ్లు తుడుచుకునేవారు ప్రతిరోజూ ఉంటారు.

అందరూ దిగిపోయారని నిర్ధారణ అయ్యాక పూజారి గుడి ముందుకు వచ్చి, చివరగా ఇంకొక పేరు పిలుస్తారు.

"దోనయా, యాడుండావయ్యా?"

పిలిచి వెంటనే కదలరు. దూరం నుంచి నడిచి వచ్చేవాడికి నోరు తెరిచి పలకడానికి కొంత వ్యవధి కావాలి కనుక, ఆ వ్యవధి ఇచ్చి, చెవి ఒగ్గి నిలబడతారు. ఆ తరువాతే దీపం గూటిలో పెట్టి దిగివస్తారు. ఇంతవరకు జవాబు రాలేదు.